మారుమూల కొండ ఊరు, మూడు మిషెలిన్ స్టార్లు: మిషెల్ బ్రాస్ సంగతి ఎవరికైనా తెలుసా?

మిర్చియార్డు

అందరికీ నమస్కారం. వంట గురించి నాకు తినడం తప్ప ఏమీ రాదు, ముందే చెప్పేస్తున్నా. మావాడు హైదరాబాద్‌లో హోటల్ మేనేజ్‌మెంట్ ఆఖరి సంవత్సరం. తోటి పిల్లలంతా క్రూయిజ్ షిప్పులకీ, దుబాయ్ హోటళ్ళకీ ఇంటర్వ్యూలు ఇస్తుంటే వీడు అరకు వైపు ఎక్కడో చిన్న రెస్టారెంట్ పెడతానంటున్నాడు. మామూలు భోజన హోటల్ కాదట, ఫైన్ డైనింగ్ అట. "కొండల మధ్య ఎవడొస్తాడురా?" అంటే, ఫ్రాన్స్‌లో మిషెల్ బ్రాస్ అనే ఆయన ఇంతకంటే మారుమూల ఊళ్ళో కూర్చుని ప్రపంచాన్ని అక్కడికి రప్పించుకున్నాడు అంటాడు. పొద్దున లేస్తే ఆయన పేరే.

అసలు ఈయన ఎవరు? నిజంగా పల్లెటూళ్ళో ఉండే అంత పేరు తెచ్చుకున్నాడా, లేక పారిస్‌లో సంపాదించుకుని తర్వాత ఊరికి పోయాడా? తెలిసినవాళ్ళు చెప్పండి. ఇంట్లో వాళ్ళమ్మకి టెన్షన్, నాకు బీపీ.

తులూజ్_తెలుగు

మిర్చియార్డు గారూ, మీవాడు చెప్పింది నిజమే. నేను తులూజ్‌లో విమానాల కంపెనీలో పనిచేస్తాను. ఈ ఊరు లాగియోల్ (అక్కడివాళ్ళు లయోల్ అంటారు) మాకు ఉత్తరాన, కార్లో రెండున్నర మూడు గంటలు. జనాభా 1,200 చిల్లర. అవేరోన్ జిల్లాలో ఒబ్రాక్ అనే పీఠభూమి మీద ఉంది. చెట్లు తక్కువ, గడ్డి ఎక్కువ, గాలి విపరీతం. చలికాలంలో మంచు పేరుకుపోతుంది. ఆవులూ, చీజూ, కత్తులూ: ఆ ఊరు బతికింది ఈ మూడింటి మీదే.

బ్రాస్ పారిస్‌లో సంపాదించుకుని వచ్చినవాడు కాదు. 1946లో అక్కడికి దగ్గర్లోనే గాబ్రియాక్‌లో పుట్టాడు. వాళ్ళ నాన్న కమ్మరి. అమ్మ ఆంజెల్ లాగియోల్‌లో 'లూ మజ్యూక్' అనే చిన్న హోటల్ వంటిల్లు నడిపేది. ఆవిడ దగ్గరే ఈయన వంట నేర్చుకున్నాడు. పెద్ద చెఫ్‌ల దగ్గర శిష్యరికం చేయలేదు, మిగతాదంతా పుస్తకాలు తిరగేసి, చేసి చూసి నేర్చుకున్నదే. అప్పట్లో ఫ్రాన్స్‌లో పేరున్న చెఫ్ అంటే ఎవరో ఒక మహానుభావుడి వంటగదిలో గిన్నెలు తోమి పైకి వచ్చినవాడే. ఈయనకి ఆ వంశవృక్షం లేదు.

వరస ఇదీ: 1978లో భార్య జినెట్‌తో కలిసి అమ్మానాన్నల హోటల్ బాధ్యత తీసుకున్నాడు. 1982లో మొదటి మిషెలిన్ స్టార్ (మిషెలిన్ గైడ్ మంచి రెస్టారెంట్లకి ఇచ్చే గుర్తింపు, ఎక్కువలో ఎక్కువ మూడు), 1987లో రెండోది. 1992లో ఊరి బయట కొండ మీద, 1,200 మీటర్ల ఎత్తున 'ల స్యూకే' అని కొత్త భవనం కట్టుకుని అక్కడికి మారాడు. 1999లో మూడో స్టార్. ఇంత జరిగినా మకాం మాత్రం లాగియోల్‌లోనే.

మిర్చియార్డు

> 1978లో... 1999లో మూడో స్టార్

అంటే 21 ఏళ్ళు. మావాడికి ఈ లెక్క తెలుసో లేదో!

రిటైర్డ్_బ్యాంకు

మిర్చియార్డు గారికి నమస్కారం. నేను పాతికేళ్ళకు పైగా లోన్ల విభాగంలో పనిచేసినవాణ్ణి. పై పోస్టులో అసలు విషయం రెండు ముక్కల్లో ఉంది: 'అమ్మానాన్నల హోటల్'. అద్దె లేదు, స్థలం కొనక్కర్లేదు, అమ్మ వంటకి అలవాటు పడ్డ గిరాకీ అప్పటికే ఉంది. అంటే ఈయన మొదలుపెట్టింది సున్నా నుంచి కాదు. కొండ మీద కొత్త భవనం కట్టే నాటికి చేతిలో రెండు స్టార్లు ఉన్నాయి, వయసు నలభై అయిదు దాటింది. మీవాడు మొదటి అడుగులోనే కొండ ఎక్కుతానంటున్నాడు. ఏ మేనేజరైనా ముందు అడిగేది ఇదే.

ఐదో_బర్నర్

అన్నా, బ్యాంకు వాళ్ళ చేతిలో పెడితే ఈ ప్రపంచంలో ఒక్క మంచి రెస్టారెంటూ తెరుచుకోదు :)

నేను వంటవాణ్ణే. విశాఖలో మొదలుపెట్టి, గల్ఫ్‌లో చేసి, ఇప్పుడు యూరప్‌లో ఒక హోటల్ వంటగదిలో షెఫ్ ద పార్తీగా (ఒక విభాగం చూసుకునే వంటవాడిగా) ఉన్నాను. బ్రాస్ అంటే మా వృత్తిలో చెవులు రిక్కించి వినే పేరు. ఆయన వంటలు మీరందరూ తిన్నారు, ఎవరివో తెలియకుండా. డామినోస్‌లో చోకో లావా తినని తెలుగు పిల్లలు ఉన్నారా? దాని ముత్తాత లాగియోల్‌లో పుట్టింది. 1981లో ఈయన చేసిన 'కూలాన్' అనే చాక్లెట్ కేకు అది. మంచులో స్కీయింగ్ చేసి వచ్చి, కుటుంబమంతా వేడి చాక్లెట్ తాగుతూ కూర్చున్నప్పుడు ఆలోచన వచ్చిందని ఆయన చెబుతాడు. పని కుదరడానికి రెండేళ్ళు పట్టిందట.

మనకు దొరికే లావా కేకులో కిటుకు వేరు. పిండిని పూర్తిగా ఉడకనివ్వకుండా బయటికి తీస్తే మధ్యలో జారుగా ఉంటుంది. ఆ పద్ధతి 1987లో న్యూయార్క్‌లో తన చేతిలో పుట్టిందని జాన్‌జార్జ్ వాంగరిష్టెన్ అనే చెఫ్ అంటాడు. బ్రాస్ చేసింది అది కాదు. చాక్లెట్ గనాష్‌ని (చాక్లెట్, మీగడ కలిపిన ముద్దని) ముందు గడ్డ కట్టిస్తాడు. ఆ గడ్డని పిండి మధ్యలో పెట్టి మళ్ళీ మొత్తం గడ్డ కట్టిస్తాడు. ఫ్రీజర్‌లోంచి తీసింది తీసినట్టే ఓవెన్‌లోకి పోతుంది. చుట్టూ కేకు పూర్తిగా ఉడుకుతుంది, లోపలిది కరుగుతుంది. పచ్చిపిండి రుచి ఉండదు. వంటగదిలో ఈ తేడా చాలా పెద్దది.

బెజవాడ_బేకరమ్మ

ఐదో బర్నర్ గారూ, ఆగండాగండి. నేను ఇంటి దగ్గర నుంచే కేకులు చేసి అమ్ముతాను. లావా కేకు ఆర్డర్లలో సగం తిరిగి మాట పడేవే: "లోపల పచ్చిగా ఉంది" లేదా "లోపల ఏమీ లేదు, మామూలు కేకే". ఈ గడ్డ పద్ధతిలో అయితే బాధ ఉండదన్నమాట! కొలతలు తర్వాత అడుగుతాను, వదలను.

ఇంకో సందేహం. మేము శాకాహారులం. ఈయన కూరగాయల వంటకి ప్రసిద్ధి అని ఎక్కడో చదివాను. గుడ్డు సంగతి పక్కన పెడితే, మాలాంటి వాళ్ళం వెళ్తే తినగలమా?

తులూజ్_తెలుగు

బేకరమ్మ గారూ, మీరు అడిగేది 'గార్గుయ్యు' గురించి. ఇక్కడ జాగ్రత్త.

ఒబ్రాక్‌లో ఆ పేరుతో పాతకాలపు పేదింటి వంట ఒకటుంది: బంగాళాదుంపలు, వాటితో ఒక ముక్క ఎండు పంది మాంసం. బ్రాస్‌కి దూరాలు పరిగెత్తే అలవాటు. 1980 ప్రాంతంలో ఒక జూన్ నెలలో కొండల మీద పరిగెడుతుంటే గడ్డిమైదానమంతా పూలతో నిండి ఉందట, దాన్ని పళ్ళెంలోకి తేవాలనుకున్నాడు. అలా ఆ పాత పేరుతోనే కొత్త వంటకం పుట్టింది: లేత కూరగాయలు, ఆకులు, పూలు, మొలకలు, గింజలు, అన్నీ కలిపి యాభై పైనే. సీజన్‌ని బట్టి రోజూ మారుతుంది.

అయితే ఆ పాత వంట గుర్తుగా పంది మాంసం ముక్క ఒకటి అందులో ఉంటుంది. దాన్ని వెన్నలో వేయించి, కూరగాయల నీళ్ళు పోసి, ఆ రసంలో కూరలు వేడి చేస్తారు. చూడ్డానికి పూలతోట, లోపల హామ్ వాసన. బుకింగ్ సమయంలోనే ముందుగా చెప్పుకోవాలి. నేను శాకాహారినే. చెబితే అది లేకుండా చేసి పెట్టారు, మొహం చిట్లించుకోలేదు. లాగియోల్ చీజ్ మాత్రం దూడ కడుపులోంచి తీసిన రెన్నెట్‌తో (పాలు విరగడానికి వేసే పదార్థంతో) చేసేది. అది మీకు అభ్యంతరమైతే ఊళ్ళో సగం వంటలు కుదరవు, ముఖ్యంగా అలిగో. ఉడికించిన బంగాళాదుంపల్లో తాజా చీజ్, వెల్లుల్లి, మీగడ వేసి, తెడ్డుతో ఎత్తితే తాడులా సాగేదాకా కలుపుతారు. ఆంజెల్ గారి అలిగోకి ఎంత పేరంటే, కొడుక్కి స్టార్లు వచ్చాక కూడా కొండ మీది రెస్టారెంట్‌లో ఆవిడే చేసేది.

బే_ఏరియా_బాబాయ్

ఇక్కడ కాలిఫోర్నియా లాస్ గాటోస్‌లో 'మన్రేసా' అని రెస్టారెంట్ ఉండేది, 2022 చివర్లో మూసేశారు. దాని చెఫ్ డేవిడ్ కించ్ గార్గుయ్యుకి నమస్కారం పెట్టినట్టు తన సొంత తోట కూరగాయలతో ఒక ప్లేటు చేసేవాడు. పెళ్ళిరోజుకని మా ఆవిణ్ణి తీసుకెళ్తే, ఆవిడ ఆ పూలన్నీ చూసి "పూజకి కోసుకొచ్చారా?" అంది. తిన్నాక మాత్రం మాట్లాడలేదు. ఇవాళ ప్రపంచంలో ఏ ఖరీదైన రెస్టారెంట్‌కి వెళ్ళినా ప్లేటు మీద ఆకులూ పూలూ చల్లి ఇస్తున్నారంటే, ఆ అలవాటు మూలాల్లో ఈ లాగియోల్ పెద్దాయన ఉన్నాడు. చెంచాతో సాస్‌ని సర్రున గీసే పద్ధతి కూడా ఆయన దగ్గరే మొదలైందంటారు.

ఐదో_బర్నర్

బాబాయ్ గారూ, చల్లడం వేరు, బ్రాస్ చేసేది వేరు. ఇక్కడే చాలామంది బోల్తా పడతారు. గార్గుయ్యులో ప్రతి కూరగాయనీ విడివిడిగా ఉడికిస్తారు. బీన్స్‌కి ఒక సమయం, క్యారెట్‌కి ఒకటి, ముల్లంగి జాతికి ఇంకొకటి. ఉప్పునీళ్ళలో వేయడం, తీయడం, చల్లార్చడం, ఆరబెట్టడం. కొన్ని పచ్చివి, కొన్ని వేయించినవి. ఇవన్నీ సర్వీసు మొదలయ్యేలోపు సిద్ధంగా ఉండాలి. పొద్దున్నే మనుషులు బారుగా నిలబడి ఆకులు ఏరుతూ ఉంటారు. ఒక్క ప్లేటు కోసం ఇంత కూలి ఖర్చు పెట్టేవాళ్ళు వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. కాపీ కొట్టినవాళ్ళు పూలు తీసుకున్నారు, పని వదిలేశారు.

మిర్చియార్డు గారూ, మీవాణ్ణి ఇది అడగండి: అరకులో నీ కూరలు ఏరేది ఎవరు, వాళ్ళకి జీతం ఎంత?

మిర్చియార్డు

అడిగాను. "అక్కడ అడవిలో దొరికే ఆకులు, దుంపలు ఆ ఊరి ఆడవాళ్ళకి తెలిసినంత ఏ చెఫ్‌కీ తెలియదు నాన్నా, వాళ్ళతోనే చేయిస్తా" అన్నాడు. జవాబు బానే ఉంది గానీ జీతం సంగతి దాటేశాడు.

నాకు అర్థం కానిది ఒకటుంది. రైలు లేదు, పెద్ద ఊరు లేదు, చలికాలం మంచు. తినేవాళ్ళు ఎక్కడి నుంచి వస్తారు? ఎలా వస్తారు?

రిటైర్డ్_బ్యాంకు

ఇది మంచి ప్రశ్న. జవాబు వంటలో లేదు, రోడ్లలో ఉంది. మిషెలిన్ టైర్ల కంపెనీ. 1900లో గైడ్ వేసిందే జనం కార్లెక్కి ఊళ్ళు తిరగాలని, టైర్లు అరగాలని. స్టార్లు 1926లో మొదలయ్యాయి. ఒక స్టార్ అంటే మంచి చోటు, రెండు అంటే దారి మళ్ళి వెళ్ళొచ్చు, మూడు అంటే దీనికోసమే ప్రయాణం కట్టొచ్చు. కాబట్టి పల్లెటూళ్ళో మూడు స్టార్ల రెస్టారెంట్ అనేది ఆ దేశంలో వింత కాదు, ఆ పద్ధతి పుట్టిందే అలాంటి చోట్ల కోసం. వొన్నాస్‌లో జార్జ్ బ్లాంక్, సోలియూలో బెర్నార్ లూవాజో, సాంబొనే-ల-ఫ్రువాలో రెజిస్ మార్కోన్, అందరూ చిన్న ఊళ్ళ వాళ్ళే. అరకుకి అలాంటి పుస్తకం ఏదీ బండ్లు పంపదు.

పైగా గదులు. రాత్రి భోజనం, వైన్ అయ్యాక కొండ దిగి ఎవరూ డ్రైవ్ చేయలేరు. ల స్యూకేలో పదీ పన్నెండు గదులున్నాయి. వచ్చినవాడు అక్కడే పడుకుని పొద్దున టిఫిన్ కూడా తిని బిల్లు కట్టి పోతాడు.

తులూజ్_తెలుగు

దీనికి ఇంకొంచెం కలుపుతాను, ఎందుకంటే ఈ ఊరి చరిత్రే విచిత్రం.

ఒబ్రాక్, దాని చుట్టుపక్కల ప్రాంతాల నుంచి జనం తరాల తరబడి పారిస్‌కి వలస పోయారు. బొగ్గులు అమ్మారు, నీళ్ళు మోశారు, తర్వాత కాఫీ హోటళ్ళు పెట్టారు. ఉడిపి వాళ్ళు మన ఊళ్ళన్నిట్లో హోటళ్ళు పెట్టినట్టు పారిస్ కఫేల్లో బోలెడు ఈ ప్రాంతం వాళ్ళవే. సెయింట్ జెర్మేన్‌లో రచయితలూ రాజకీయ నాయకులూ కూర్చునే 'బ్రాస్సరీ లిప్' ఉంది చూశారా, 1920లో దాన్ని కొని పెద్దది చేసిన మార్సెలాన్ కాజ్ లాగియోల్‌లో పుట్టినవాడే. అంటే ఆ ఊళ్ళో వంట వచ్చినవాడు చేసే మామూలు పని, పారిస్ బస్సెక్కడం. బ్రాస్ ఎక్కలేదు.

కత్తుల సంగతి కూడా ఇలాంటిదే. లాగియోల్ కత్తి అంటే ప్రపంచమంతా తెలుసు, కానీ ఒక దశలో దాని తయారీ ఇంచుమించు అంతా తియేర్ పట్టణానికి వెళ్ళిపోయింది. 1987లో 'ఫోర్జ్ ద లాగియోల్' పెట్టి మళ్ళీ ఊరికి తెచ్చుకున్నారు. ఫిలిప్ స్టార్క్ డిజైన్ చేసిన ఆ ఫ్యాక్టరీ పైకప్పులోంచి 18 మీటర్ల కత్తి అలుగు ఆకాశంలోకి లేచి ఉంటుంది. దూరం నుంచి చూస్తే కాస్త ఎబ్బెట్టుగా ఉంటుంది, నిజం చెప్పాలంటే. బ్రాస్ దగ్గర భోజనానికి కూర్చుంటే ఒక కత్తి ఇస్తారు, భోజనం అయ్యేదాకా అదే. ప్లేటు మారుతుంది, కత్తి మారదు. ఆ ప్రాంతం రైతు జేబులో కత్తితో తిరిగేవాడు, తినేటప్పుడు దాన్నే తుడుచుకుని వాడేవాడు. కమ్మరి కొడుక్కి ఇది ఎవరూ చెప్పనక్కర్లేదు. తర్వాత జపాన్ 'కై' కంపెనీతో కలిసి తన పేరు మీద వంటింటి కత్తులు కూడా తెచ్చాడు.

దారి విషయం: ఇప్పుడు ఒబ్రాక్ అంచున ఏ75 హైవే పోతుంది. 2004లో మిల్యో వంతెన తెరిచాక రద్దీ బాగా పెరిగింది. ఆ వంతెన దగ్గర విశ్రాంతి స్థలంలో బ్రాస్ వాళ్ళు 'కాపుసాన్' అని ఒకటి అమ్మించారు: కుట్టు (బక్‌వీట్) పిండి అట్టుని కోన్‌లా చుట్టి, లోపల కూర నింపి ఇస్తారు. లారీ డ్రైవరు కూడా కొనుక్కుని తినొచ్చు. నాకు ఆయన చేసిన పనుల్లో ఇది బాగా నచ్చినవాటిలో ఒకటి.

ఐదో_బర్నర్

వ్యాపారం వైపు ఇంకా ఉన్నాయి. 2002లో జపాన్ హొక్కైదోలో తోయా సరస్సు మీద ఒక పెద్ద హోటల్‌లో రెస్టారెంట్ తెరిచారు, 2008లో జీ8 నాయకులు కలిసిన హోటల్ అదే. 2014లో రొడేజ్‌లో సూలాజ్ అనే చిత్రకారుడి మ్యూజియంలో 'కఫే బ్రాస్'. 2021లో పారిస్‌లో పాత ధాన్యం మార్కెట్ భవనంలో 'ఆల్ ఓ గ్రాన్'. చూడండి, పారిస్ వెళ్ళడానికి ఎన్నేళ్ళు ఆగారో. అప్పటికి వంటగది కొడుకు చేతిలో ఉంది.

బే_ఏరియా_బాబాయ్

కొడుకు అంటే స్టార్లు వద్దని తిరిగి ఇచ్చేసిన ఆయనేగా? అప్పట్లో ఇక్కడ పేపర్లలో కూడా వచ్చింది. అది మాత్రం నాకు మింగుడు పడలేదు. తండ్రి 21 ఏళ్ళు కష్టపడి తెచ్చింది కొడుకు వదిలేయడమా?

తులూజ్_తెలుగు

సెబాస్టియన్, 1971లో పుట్టాడు. 2009లో తండ్రి నుంచి పూర్తి బాధ్యత తీసుకున్నాడు. 2017 సెప్టెంబర్‌లో ఒక వీడియోలో చెప్పాడు, 2018 గైడ్ నుంచి మమ్మల్ని తీసేయండి అని. కారణం కూడా దాచుకోలేదు. ఏడాదికి రెండు మూడు సార్లు ఇన్‌స్పెక్టర్ వస్తాడు, ఎప్పుడో తెలియదు. రోజూ బయటికి వెళ్ళే ఐదు వందల ప్లేట్లలో ఏదో ఒకటి ఆయన ముందుకు వెళ్ళొచ్చు. ఆ ఆలోచన లేకుండా వంట చేసుకోవాలనుకుంటున్నాను అన్నాడు. 2018 గైడ్‌లో వాళ్ళు నిజంగానే తీసేశారు. తర్వాత తమాషా: 2019 గైడ్ వచ్చేసరికి ల స్యూకే మళ్ళీ అందులో ఉంది, ఈసారి రెండు స్టార్లతో. అడగకుండానే! స్టార్లు చెఫ్‌ల ఆస్తి కావు, గైడ్ తినేవాళ్ళ కోసం అని వాళ్ళ వాదన.

రిటైర్డ్_బ్యాంకు

నాకు మిషెలిన్ వాదనే సబబుగా ఉంది. నాకు మార్కులు వేయొద్దు అని విద్యార్థి అంటే కుదురుతుందా? ముప్పై అయిదేళ్ళ పాటు ఆ స్టార్లు తెచ్చిన గిరాకీ తీసుకుని, పేరు స్థిరపడ్డాక వద్దనడం సులువు. కొత్తగా పెట్టినవాడు ఆ మాట అంటే హోటల్ మూసుకోవాలి.

ఐదో_బర్నర్

సార్, మీ మాట సగం ఒప్పుకుంటాను, పేరు స్థిరపడ్డాకే వద్దనగలిగాడు. కానీ మార్కులు అనకండి. విద్యార్థి పరీక్ష రాసి ఇంటికి పోతాడు. ఇక్కడ పరీక్ష ఏ పూటో తెలియదు, ప్రతి పూటా అయి ఉండొచ్చు. ఒక స్టార్ పోతే బుకింగులు పడిపోతాయి, జీతాలు ఇవ్వాల్సిన మనుషులు అంతమందీ ఉంటారు. మీరు పైన లూవాజో పేరు రాశారు కదా. సోలియూ అనే చిన్న ఊళ్ళో 1991లో మూడో స్టార్ తెచ్చుకున్నాడు. హోటల్‌ని పెద్దది చేయడానికి అప్పులు చేశాడు, 1998లో కంపెనీని షేర్ మార్కెట్‌లో కూడా పెట్టాడు. 2003లో గో-మిల్యో అనే ఇంకో రెస్టారెంట్ గైడ్ ఆయన మార్కులు 20కి 19 నుంచి 17కి తగ్గించింది. మిషెలిన్ మూడో స్టార్ కూడా తీసేస్తుందని పుకార్లు లేచాయి. ఆ ఏడాది ఫిబ్రవరి 24న ఆయన ప్రాణం తీసుకున్నాడు. మిషెలిన్ స్టార్ తీయలేదు, అది వేరే సంగతి. ఒక్క గైడ్ వల్లే అని నేను అనను, మనిషి మనసులో చాలా ఉంటాయి, ఆయన డిప్రెషన్‌తో బాధపడుతున్నవాడే. కానీ ఫ్రాన్స్‌లో ఏ చెఫ్‌కీ ఆ తేదీ మరిచిపోవడం చేతకాదు. తన వీడియో వచ్చినప్పుడు సెబాస్టియన్‌ని కూడా దాని గురించే అడిగారు.

స్టార్ తిరిగి ఇవ్వడం కొత్తేమీ కాదు. పారిస్‌లో అలాన్ సాందెరాన్స్ అనే చెఫ్ 2005లోనే వద్దన్నాడు. అయితే ఆయన రెస్టారెంట్ పద్ధతినే మార్చి ధరలు తగ్గించేశాడు. బ్రాస్ ఏమీ మార్చకుండా వద్దన్నాడు, అందుకే అంత గోల అయింది.

రిటైర్డ్_బ్యాంకు

లూవాజో సంగతిలో అప్పు పాత్ర మీరే రాశారు. నేను చెప్పేదీ అదే. గైడ్ చంపదు, ఈఎంఐ చంపుతుంది.

నిర్వాహకుడు

మిత్రులారా, ఆత్మహత్య విషయం సున్నితమైనది. ఒకే కారణం అంటగట్టే వ్యాఖ్యలు ఏ వైపు నుంచీ వద్దు. మిగతా చర్చ కొనసాగించండి.

బెజవాడ_బేకరమ్మ

నాకు ఆసక్తి వేరే దాని మీద. తండ్రి ఇంత పెద్దాయన అయితే కొడుకు ఏం వండాలి? తండ్రి వంటలే వండితే కాపీ అంటారు, మార్చేస్తే పాడుచేశాడంటారు. మా అత్తగారి పులిహోర నేను చేస్తేనే ఇంట్లో పంచాయితీ.

తులూజ్_తెలుగు

హహ. అక్కడా దాదాపు అంతే. గార్గుయ్యు తీసేస్తే జనం ఊరుకోరు, కాబట్టి అది ఉంటుంది. కూలాన్ ఉంటుంది, లోపలి రుచులు మారుతుంటాయి. సెబాస్టియన్ తన చిన్నప్పటి తిండి నుంచి తనవి చేసుకున్నాడు. పాలు కాచి చల్లారాక పైన కట్టే మీగడ తరకని రొట్టె మీద పరిచి, చాక్లెట్ తురిమి నానమ్మ పెట్టేదట, ఆ మీగడ తరకతో ఒక వంటకం చేశాడు. అది విన్నప్పుడు నాకు మీగడలో పంచదార వేసుకుని తిన్న రోజులే గుర్తొచ్చాయి. ఆవులు ఎక్కువున్న చోట పిల్లల తిండి ఎక్కడైనా ఇంతే కాబోలు.

మిషెల్ గారు వంటగది వదిలినా ఊరు వదల్లేదు. ఆయన గుర్తు 'సిస్త్ర్' అని ఒబ్రాక్ గడ్డిలో పెరిగే మొక్క. సోంపు జాతిది, ఆకు నమిలితే సోంపు వాసనే. ఆవులు దాన్ని మేస్తాయి, అది చీజ్‌లోకి వస్తుందంటారు. రెస్టారెంట్ చిహ్నం కూడా అదే. కొండ మీద భవనం చూస్తే ఆ గడ్డిలో ఒక గాజు ఓడ ఆగినట్టుంటుంది. ఎరిక్ రఫీ అనే ఆర్కిటెక్ట్ కట్టాడు. లోపల అలంకరణ పెద్దగా ఏమీ ఉండదు, కిటికీలోంచి ఆకాశం కనిపిస్తుంది, అంతే. నవంబర్ నుంచి ఏప్రిల్ దాకా మూసేస్తారు.

మిర్చియార్డు

ఆరు నెలలు మూసేస్తారా? జీతాలు?

ఐదో_బర్నర్

ఇంచుమించు ఐదు నెలలు. మూత రోజుల్లో కొత్త వంటలు ప్రయత్నిస్తారు, ప్రయాణాలు చేస్తారు. వంటగదిలో చాలామంది సీజన్‌కి వచ్చి సీజన్ అయ్యాక వేరేచోటికి పోయేవాళ్ళే. స్కీ రిసార్టుల్లో చలికాలం చేసి, వేసవికి ఇలాంటి చోటికి వచ్చే వంటవాళ్ళు ఫ్రాన్స్‌లో మామూలు. సీజన్ కాంట్రాక్ట్ అనేది అక్కడ చట్టంలో ఉంది. అరకులో అయితే తిరగేసి ఆలోచించాలి: చలికాలమే గిరాకీ, వేసవిలోనూ భారీ వర్షాల్లోనూ ఏం చేస్తాడో మీవాణ్ణి కాగితం మీద రాయమనండి. మిగతా కలలన్నీ తర్వాత.

మిర్చియార్డు

మావాడు ఈ థ్రెడ్ మొత్తం చదివాడు. బ్యాంకు గారి మీద కొంచెం కోపంగా ఉన్నాడు, ఐదో బర్నర్ గారి మీద చాలా గౌరవంగా ఉన్నాడు. వాళ్ళమ్మ అయితే 'అమ్మ దగ్గర వంట నేర్చుకున్నాడు' అన్న ముక్క దగ్గరే ఆగిపోయింది, ఇక మిగతాది చదవలేదు. అరకు సంగతి ఇప్పుడే తేల్చొద్దు, ముందు అలాంటి చోట కొన్నాళ్ళు పని చేసి రమ్మన్నాను. దానికి ఒప్పుకున్నాడు. ఫ్రాన్స్‌లో అలా నేర్చుకోవడానికి వెళ్ళొచ్చా? ఎలా అడగాలి?

ఐదో_బర్నర్

వెళ్ళొచ్చు, కానీ డిగ్రీ చేతికి రాకముందే కదలాలి. ఫ్రాన్స్‌లో 'స్టాజ్' (ఇంటర్న్‌షిప్) అంటే కాలేజీ, విద్యార్థి, రెస్టారెంట్ ముగ్గురూ సంతకం పెట్టే ఒప్పందం ఉండాలి. కాలేజీలో పేరు లేనివాడికి అది ఇవ్వరు. రెండు నెలలు దాటితే ఎంతో కొంత స్టైపెండ్ ఇవ్వడం అక్కడ తప్పనిసరి. వీసా కూడా ఆ ఒప్పందం మీదే వస్తుంది, కాబట్టి కాలేజీ ప్లేస్‌మెంట్ ఆఫీసుని ఇప్పుడే పట్టుకోమనండి. ఏప్రిల్‌లో తెరిచే చోటికి మార్చిలో రాస్తే లాభం లేదు, ముందటి శరదృతువులోనే ఉత్తరం పంపాలి. ఉత్తరం ఫ్రెంచ్‌లో, ఒక పేజీ, ఫోటోలు లేకుండా. వంటగదిలో ఇంగ్లీషు నడుస్తుందనే ధీమాతో వెళ్తే మొదటి వారమే ఏడుస్తాడు; అంకెలు, కూరగాయల పేర్లు, "వెనకాల ఉన్నాను", "వేడి" ఇవన్నీ ముందే నోటికి వచ్చి ఉండాలి. ఒక్క లాగియోల్‌కే కాదు, మార్కోన్ దగ్గరికీ, ఇంకా పేరు లేని చిన్న ఊళ్ళ చెఫ్‌లకీ రాయమనండి. చిన్నచోట ఆకులు ఏరడం నుంచి చేప కోయడం దాకా అన్నీ చేయనిస్తారు.

బేకరమ్మ గారూ, కొలతలు మెసేజ్‌లో పంపాను. గనాష్ గడ్డ మీ అచ్చు వెడల్పులో సగం కంటే పెద్దది పెట్టకండి, గోడ పలచనై కారిపోతుంది.

బెజవాడ_బేకరమ్మ

అందిందండీ. శనివారం ఆర్డర్ ఉంది, దాని మీదే ప్రయోగం. గుడ్డు లేకుండా చేయమనే వాళ్ళు సగం మంది ఉన్నారు, దానికీ ఏదైనా దారి ఉంటే చెప్పండి.